కొమురమ్మ అత్త గొంతు

మా మేనత్త కొమురమ్మ పోయిన మూడో రోజు జిల్లా పేజీలో ఒక మూలన నాలుగు వరుసల వార్త వచ్చింది. "తొలినాళ్ల టీవీ హాస్యనటి ఎల్లక్క కన్నుమూత" అని పైన పెద్ద అక్షరాలు. కింద భూపాలపల్లిలో ఆమె ఉన్న కాలనీ పేరు, వయసు. వయసు కూడా ఐదారేళ్లు తప్పు. అసలు పేరు ఎక్కడా లేదు. మా చిన్నాయిన కొడుకు ఆ ముక్కను ఫోన్‌లో ఫోటో తీసి పంపి, "అక్కా, అత్త పేపర్ల వడ్డది" అని సంతోషంగా రాశాడు. నేను చదివి ఫోన్ బల్ల మీద బోర్లా పెట్టాను. నవ్వించాలని ఆమె ఏనాడూ అనుకోలేదు. ఆమెను చూసి జనం నవ్వేలా ఎవరో చేశారు. ఆ సంగతి దగ్గరుండి చూసినవాళ్లలో ఇప్పుడు నేనొక్కదాన్నే మిగిలాను కనుక, అందులో నా పాలు ఎంతో అది కూడా దాచుకోకుండా రాయాలి.

మా ఊరు లింగాల ఘనపూర్ దిక్కు. ఊళ్లో బడి ఐదో తరగతితో ఆగిపోయేది. ఆపైన చదవాలంటే జనగామ రావలసిందే. అలా నేను స్టేషన్ వెనక వీధిలో అత్త అద్దెకున్న రెండు గదుల పెంకుటింటికి వచ్చాను. నాతోపాటు మా అవ్వ, అంటే బాపు తల్లి, కూడా మూట కట్టుకుని బయలుదేరింది. "ఆడపిల్లను ఒక్కదాన్ని ఎట్ల తోలుతం" అని పైకి అన్నది గానీ, ఆమెకు తన బిడ్డ దగ్గర ఉండాలని కోరిక. అత్త పెనిమిటి పెళ్లైన రెండేళ్లకే పని కోసం బొంబాయి పోయాడు. మొదట పండుగ పండుగకు వచ్చేవాడు, తర్వాత పెద్ద పండుగలకే వచ్చేవాడు, ఆ తర్వాత రావడం మానేశాడు. ఆయన గురించి ఆ ఇంట్లో ఎవరూ ఎత్తేవారు కాదు. ఆయన వదిలిపోయిన గళ్ల లుంగీని అత్త నాలుగు ముక్కలు చేసి, పొయ్యి మీది గిన్నెలు దించే మసిగుడ్డలుగా వాడేది.

అవ్వకు అప్పటికే రెండు కళ్లకూ పొర కమ్మింది. గడప పక్కన గోడకు ఆనుకుని కూర్చుని చెవులతోనే ఇల్లు నడిపేది. ఎసరు మరిగే చప్పుడు విని బియ్యం వేసే వేళ చెప్పేది. వీధిలో పోయేది ఎవరో అడుగుల సవ్వడిని బట్టి పోల్చుకుని పేరు పెట్టి పిలిచేది. స్టేషన్లో ఆగింది ప్యాసింజరా, గూడ్సా అని మేము అడగకముందే చెప్పేది. నేను అబద్ధమాడితే గొంతులోనే పట్టేసేది. "నీ మాట వంకర వోతుంది పిల్లా, నిజం జెప్పు" అనేది. అవ్వ దగ్గర ఆకు, వక్క, సున్నం వాసన వచ్చేది. అత్త దగ్గర బాల్వాడిలో పిల్లలకు వండే గోధుమరవ్వ ఉప్మా వాసన. అత్త బాల్వాడి టీచరమ్మ. పొద్దంతా నలభై మంది పిల్లలతో పాటలు పాడించి, ముక్కులు తుడిచి, తినిపించి, సాయంత్రం ఇంటికి వచ్చి పీట మీద కూలబడి "జర మంచినీళ్లు తే బిడ్డా" అనేది. ఆ మాటలో అలసట ఉండేది కానీ విసుగు ఉండేది కాదు. నాకు ఇప్పటికీ ఆ "జర" వినిపిస్తుంది.

ఆమె టీవీలోకి పోవడం ఆముదం చేల మూలంగా జరిగింది. ఆ ఏడు మా ఊరి చేలను ఎర్ర గొంగళి పురుగు తినేసింది. పట్నం నుంచి టీవీ వాళ్లు ఒక వ్యవసాయాధికారిని వెంటబెట్టుకుని వచ్చారు. బాల్వాడికి సెలవులు కావడంతో అత్త, నేను ఊళ్లోనే ఉన్నాం. అధికారి చేతిలో కాగితం పట్టుకుని "సామూహిక నిర్మూలన చర్యలు చేపట్టవలెను" అని చదివాడు. ఆడవాళ్లు ఆయన మొఖం చూశారు, ఒకరి మొఖం ఒకరు చూసుకున్నారు. అత్త వెనక నుంచి ముందుకు వచ్చి, కెమెరాను చూడకుండా, ఆడవాళ్ల వైపు తిరిగి చెప్పింది.

"ఏం లేదక్కా. తొలకరి వడ్డనాడు భూమిలకెళ్లి రెక్కల పురుగులు లేస్తయ్. గానాడే చేను గట్ల మీద మంటలు వెట్టుండ్రి. వచ్చి గండ్లనే వడి సస్తయ్. నువ్వొక్కదానివి వెడ్తే పక్క చేన్లకెళ్లి మల్ల వస్తయ్. ఊరంత ఒక్కపారి వెట్టాలె."

ఆడవాళ్లు తలలూపారు. టీవీ వాళ్లు అధికారి మాటలు పక్కన పెట్టి అత్త మాటలు ఉంచుకున్నారు. అప్పట్లో మా వీధి చివర గ్రంథాలయంలో ఒక టీవీ ఉండేది. తలుపులూ తాళమూ ఉన్న చెక్కపెట్టెలో పెట్టేవారు. సాయంత్రం గుమస్తా తాళం తీస్తే జనగామలో సగం వీధులు అక్కడే కూర్చునేవి. అత్త కనిపించిన రోజు అవ్వను కూడా చెయ్యి పట్టుకుని తీసుకుపోయాం. అవ్వ టీవీకి వీపు పెట్టి, చెవి మాత్రం అటు పెట్టి కూర్చున్నది. అత్త మాటలు అయిపోగానే, "మంచిగ జెప్పింది. ఒక్క మాట సుత ఎక్కువ లేదు" అన్నది. మా అవ్వ నోటి నుంచి అంతకు మించిన మెప్పు నేను ఎన్నడూ వినలేదు.

ఆ తర్వాత అత్తకు పట్నం నుంచి కబురు వచ్చింది. రైతుల కార్యక్రమం మధ్యలో చిన్న నాటికలు వేస్తారట, అందులో పల్లెటూరి ఆడమనిషిగా ఉండాలట. నెలకు మూడు నాలుగు సార్లు పోయేది. పోయే రోజు పొద్దున్నే కుంకుడుకాయల రసంతో తల పోసుకునేది. ఇత్తడి చెంబులో నిప్పులు పోసి, దాని అడుగుతో చీరను ఇస్త్రీ చేసేది. వేడి బట్టకూ బొగ్గుకూ కలిపి వచ్చే ఆ వాసన మా ఇంట్లో సంబరం వాసన. పొద్దుటి ప్యాసింజర్‌కు పోయి సాయంత్రం బండికి వచ్చేది. మొఖానికి రాసిన రంగును కొబ్బరినూనెతో తుడుచుకుంటూ ఆ రోజు ఏం జరిగిందో చెప్పేది. ఎన్ని దీపాలు పెట్టారు, ఎంత ఉడుకపోసింది, అధికారిని తానేం అడిగింది. మొదటి కొన్ని నెలలు ఆమెకు రాసి ఇచ్చిన మాటలేవీ లేవు. సంగతి చెప్పి వదిలేసేవారు. "సార్, బాయిల నీళ్లు లేనోడు గీ పంట ఎట్ల ఏస్తడు?" అని ఆమె అడిగితే అధికారి తడబడేవాడు. గ్రంథాలయంలో జనం "గదీ, అట్ల అడుగు" అని కేకలు వేసేవారు. అంగట్లో కూరగాయలమ్మే వాళ్లు ఆమెను ఆపి, తమ తరఫున ఏమేమి అడగాలో చెప్పి పంపేవారు.

కొన్ని నెలలకు ఆ నాటికలు తయారుచేసే బృందం మారింది. కొత్తగా ఒక రచయిత గారు వచ్చారు. కోస్తా దిక్కు మనిషి. చెడ్డవాడని అత్త ఏనాడూ అనలేదు. "అమ్మా" అని పిలిచేవాడట, తాను తాగకముందే ఆమెకు కాఫీ ఇప్పించేవాడట. ఆయన వచ్చాక కాగితాల మీద మాటలు రావడం మొదలైంది. పాత్రకు ఎల్లక్క అని పేరు పెట్టాడు. సాయంత్రాలు లాంతరు ముందు నేను అధికారి మాటలు చదివితే అత్త ఎల్లక్క మాటలు చదివేది. చదువుతూ చదువుతూ ఆగిపోయేది. "గట్లనా ఏందివయా సారూ, నాకు దెల్వకపాయె గదనే" అని ఒకచోట రాసి ఉంది. అత్త కాగితాన్ని దూరం పెట్టి, దగ్గర పెట్టి చూసి, "గిది ఏ ఊరి మాటనే?" అన్నది. గడప దగ్గర నుంచి అవ్వ అందుకుని, "ఏ ఊరిది గాదు. మన్ను దిన్నట్టున్నది" అన్నది.

ఆ వారం అత్త రచయిత గారిని అడిగిందట. "సార్, మేం గిట్ల అనం. మా దిక్కు పెద్దమనిషిని వయా అనం, గదనే అనం."

ఆయన నవ్వి, "మీరు అనరమ్మా, నాకు తెలుసు. ఎల్లక్క అంటుంది" అన్నాడట.

అత్త ఆ మాటను ఇంటికి వచ్చి నాకు చెప్పింది. ఎల్లక్క ఎవరు మరి? ఆమె ఊరేది? ఆమె మాట ఎవరి నోట పుట్టింది? నాకు అప్పుడు పన్నెండేళ్లు ఉంటాయేమో, నాకేం తెలుస్తుంది. ఒకటి మాత్రం తెలిసింది. ఆ వారం నుంచి అత్త ముందటి పన్నుకు నల్లరంగు పూయడం మొదలుపెట్టారు. చీరకు అతుకులు వేశారు. నోరు తెరుచుకుని చూడమన్నారు. చూసింది.

ఎందుకు ఒప్పుకున్నావని చాలా ఏళ్ల తర్వాత అడిగాను. ఆమె అబద్ధం చెప్పలేదు. "నాకు గా దీపాల ముంగట నిలవడుడు ఇష్టం బిడ్డా. నేను మాట్లాడుతుంటే అందరు సప్పుడు జెయ్యకుండ ఇంటరు. ఇంట్ల మొగడు ఇనలే, ఊళ్లె ఎవలు ఇనలే. గాడ ఇన్నరు. గది ఇడువబుద్ధి గాలె" అన్నది.

తర్వాత ఉప్పు నాటిక వచ్చింది. అందులో ఎల్లక్క ఇంట్లో యూరియా సంచి ఉంటుంది. ఎల్లక్క దాన్ని ఉప్పనుకుని పప్పులో వేస్తుంది. పెనిమిటి ఒక్క ముద్ద నోట్లో పెట్టుకుని గంతులేస్తాడు. చివర అధికారి వచ్చి ఎరువులు ఎక్కడ దాచాలో చెప్తాడు. అత్త ఆ కాగితం చదివి పొయ్యి దగ్గర పెట్టేసింది. "ఉప్పుకు యూరియాకు తేడ దెల్వని ఆడిది మా దిక్కు ఉండదు" అని ఆయనతో కూడా అన్నదట. ఇది హాస్యమమ్మా, నవ్వుతూ నేర్చుకుంటారు అని ఆయన నచ్చజెప్పాడు. అత్త చేసింది. గ్రంథాలయంలో ఆ సాయంత్రం అందరూ పడీ పడీ నవ్వారు. నేనూ నవ్వాను. అవ్వ నవ్వలేదు. మరుసటి అంగడి రోజు, అంతకుముందు "ఇది అడుగు, అది అడుగు" అని చెప్పి పంపిన కూరగాయల ఆమె అత్తను చూసి బుట్ట పక్కకు జరుపుకున్నది.

"మమ్ముల పిస్సోళ్లను జేసి పట్నపోళ్లకు సూపెడ్తున్నవా? నీకేం తక్కువైందే?" అన్నది.

అత్త చేతిలో వంకాయలు అలాగే ఉన్నాయి. వాటిని ఒక్కొక్కటిగా బుట్టలో పెట్టేసి నా చెయ్యి పట్టుకుని నడిచింది. ఇంటికి వచ్చేదాకా ఆ చెయ్యి వదలలేదు. నొప్పి పుట్టింది గానీ నేను చెప్పలేదు.

ఆ తర్వాతి నాటిక స్టూడియోలో కాకుండా బయట ఒక పల్లెలో, సినిమా కెమెరాతో తీశారు. మాటలు తర్వాత పట్నంలో విడిగా కలుపుతామన్నారు. అత్త ఆ రోజు ఒక పని చేసింది. కాగితం మీది మాటలు పక్కన పెట్టి తన మాటలు మాట్లాడింది. బాల్వాడిలో, నల్లా దగ్గర, మా ఇంట్లో ఎట్లా మాట్లాడుతుందో అట్లా. ఎవరూ ఏమీ అనలేదట. ఆమె గెలిచినట్టు ఇంటికి వచ్చింది. మాటలు కలపడానికి పిలుస్తారని ఎదురుచూసింది. వారం గడిచింది, రెండు వారాలు గడిచాయి, పిలుపు రాలేదు. ఒకరోజు సాయంత్రం నేనే పరుగెత్తుకుంటూ వచ్చి, "అత్తా, నువ్వు టీవీల వస్తున్నవ్" అన్నాను. ముగ్గురం పోయాం.

తెర మీద అత్త ఉంది. ఆమె చెయ్యి ఊపే తీరు, తల తిప్పే తీరు అన్నీ ఆమెవే. పెదవులు కదులుతున్నాయి. వచ్చే గొంతు మాత్రం ఎవరిదో. ముక్కుతో సాగదీసే గొంతు. "ఓలమ్మో, గట్లనా ఏందివయా" అంటున్నది. పెదవులు ఆగినా గొంతు ఆగడం లేదు. జనానికి ముందు అర్థం కాలేదు. తర్వాత ఎవరో ఒకరు కిసుక్కుమన్నారు, ఆ పైన అందరూ నవ్వారు. టీవీకి వీపు పెట్టి కూర్చున్న అవ్వ తల ఎత్తి, "గిది మా పిల్ల గొంతు గాదు. ఎవలు గీమె? కొమురమ్మ ఏది?" అని గట్టిగా అడిగింది. కొమురమ్మ ఆమె పక్కనే ఉంది. నవ్వే వాళ్లంతా ఇటు తిరిగారు. అత్త లేచి నిలబడలేదు, తల దించుకోలేదు. అయిపోయేదాకా తెర మీద తన మొఖాన్నే చూస్తూ కూర్చున్నది.

మరుసటి రోజు నన్ను వెంటబెట్టుకుని పట్నం పోయింది. ఆ రోజు కుంకుళ్లు లేవు, చెంబు ఇస్త్రీ లేదు. నలిగిన చీరతోనే బండెక్కింది. రచయిత గారు చిన్న గదిలో బల్ల వెనక కూర్చుని ఉన్నారు. మమ్మల్ని చూడగానే లేచి కుర్చీ జరిపారు. నిజానికి మర్యాద తెలిసిన మనిషే.

"నా గొంతు ఏమాయె సార్?" అన్నది అత్త.

"కూర్చోండమ్మా. మీ మాటలు అర్థం కావడం లేదని ఉత్తరాలు వస్తున్నాయి. అందుకని..."

"ఎవలకు అర్థమైతలేదు సార్?"

"చూసేవాళ్లకు."

"సూసేటోళ్లం మేమే గద సార్. రైతుల కార్యక్రమమాయె. మా మాట మాకు అర్థంగాదా?"

ఆయన చేతిలో కలం మూత పెట్టి, తీసి, మళ్లీ పెట్టారు. "మీకు తెలియదమ్మా, ఇది రాష్ట్రం మొత్తం చూస్తారు. అందరికీ కావాలి కదా" అన్నారు. తర్వాత కాఫీ తెప్పించారు. అత్త కప్పును ముట్టుకోలేదు. నాకు ఆకలిగా ఉండి నా కప్పు నేను తాగేశాను. తిరుగు బండిలో అత్త నాతో ఒక్క మాట కూడా మాట్లాడలేదు. నేను కాఫీ తాగినందుకే కోపమొచ్చిందనుకుని జనగామ దాకా భయపడుతూ కూర్చున్నాను.

ఆ తర్వాత అత్త పోలేదు, వాళ్లు పిలవనూ లేదు. ఎల్లక్క మాత్రం ఆగలేదు. ఇంకొకామె వచ్చింది, ఆ గొంతుతోనే చాన్నాళ్లు నడిచింది. వీధిలో పిల్లలు మా అత్తను చూసి "ఎల్లక్కా, పప్పుల ఉప్పేసినవా?" అని అరిచేవారు. వాళ్లలో ఆమె బాల్వాడిలో ముక్కులు తుడిచిన పిల్లలూ ఉన్నారు. అవ్వ పోయాక ఆ ఇంట్లో ఉండబుద్ధి కాక, బొగ్గుబావిలో నౌకరీ వచ్చిన మా చిన్నాయిన వెంట అత్త భూపాలపల్లి పోయింది. అక్కడ క్వార్టర్ల ఆడవాళ్లకు జాకెట్లు కుట్టి బతికింది. టీవీలో చేసిన సంగతి ఆ కాలనీలో ఎవరికీ చెప్పలేదు. ఆ నాటికల్లో ఒక్కటి కూడా ఇప్పుడు ఎక్కడా దొరకదు. ఆ రోజుల్లో ఒకే టేపు మీద మళ్లీ మళ్లీ తీసేవారని అంటారు. ఆమె నిజంగా మాట్లాడిన ఆ మొదటి నెలల మాటల మీద తర్వాత ఎవరి మాటలు ఎక్కాయో తెలియదు.

కాలం మారింది. ఇప్పుడు సినిమాల్లో హీరో మా మాట మాట్లాడితే ఈలలు వేస్తారు. కోస్తాలో పుట్టిన నటులు మనిషిని పెట్టుకుని మరీ నేర్చుకుంటున్నారట. నాకు సంతోషం కలగాలి. కలగదు. అప్పుడు మా మాట నవ్వుకోవడానికి పనికొచ్చింది, ఇప్పుడు అమ్ముకోవడానికి పనికొస్తున్నది. ఈ రెంటి మధ్యలో మా అత్త లాంటి వాళ్లు నోరు మూసుకుని ముసలివాళ్లైపోయారు. అయినా నేనూ ఆశపడ్డాను. పోయిన ఏడు హనుమకొండ నుంచి ఒక పిల్లగాడు నా దగ్గరికి వచ్చాడు. పాతకాలం కళాకారులతో మాట్లాడి యూట్యూబులో పెడతాడు. నేనే అత్త సంగతి చెప్పి, ఇన్నాళ్లకైనా ఆమె గొంతు పదిమంది వింటారని భూపాలపల్లి తీసుకుపోయాను.

అత్త ఉతికిన తెల్ల చీర కట్టుకుని మంచం మీద కూర్చున్నది. పిల్లగాడు గుండ్రటి దీపం నిలబెట్టి, ఆమె కొంగుకు చిన్న మైకు తగిలించి, "అవ్వా, నమస్తే. మంచిగున్నవా?" అన్నాడు.

"నమస్కారం నాయనా. బాగున్నాను. మీరు ప్రయాణంలో అలసిపోయి ఉంటారు, కాస్త మంచినీళ్లు తీసుకోండి" అన్నది అత్త.

నేను ఉలిక్కిపడ్డాను. పిల్లగాడు వేళాకోళమనుకుని నవ్వాడు. "అప్పట్ల టీవీలకు ఎట్ల వోయినవ్ అవ్వా, జర జెప్పు."

"అప్పుడు నేను జనగామలో బాల్వాడి ఉపాధ్యాయినిగా పనిచేస్తుండేదాన్ని. ఒకసారి మా ఊరి పంటలకు పురుగు పట్టినప్పుడు..." అని అచ్చు పాఠ్యపుస్తకంలోలా, ఒక్క అక్షరం జారకుండా చెప్పుకుపోతున్నది.

"అవ్వా, గట్ల గాదు. మన యాసల మాట్లాడు. ఇప్పుడు మన యాస అంటే జనం పడి సస్తున్నరు. నువ్వు ఇంట్ల ఎట్ల మాట్లాడుతవో గట్ల."

"నాకు రాదండీ" అన్నది అత్త.

పిల్లగాడు నా వైపు తిరిగి, "మేడం, ఎల్లక్క అంటే గీమెనేనా?" అని మెల్లగా అడిగాడు. అత్తే జవాబు చెప్పింది. "కాదండీ. ఆమె వేరే ఎవరో. నా పేరు కొమురమ్మ."

ఇంకో అరగంట తంటాలు పడి పిల్లగాడు దీపం మడిచాడు. పోతూ పోతూ మళ్లీ వస్తానన్నాడు. రాలేదు. ఆ వీడియో ఎక్కడా పెట్టలేదు. అతని బండి సందు మలుపు తిరిగే దాకా చూసి, అత్త మంచం మీద కాళ్లు చాపుకుని, "పోయిండా? తలుపు దగ్గరికెయ్యి బిడ్డా, బొగ్గు లారీల దుమ్ము లోపటికొస్తది" అన్నది.

"గట్ల మాట్లాడుడు ఎప్పుడు నేర్సుకున్నవత్తా?" అన్నాను.

"నీ బడి అరుగు మీదనే" అన్నది.

ఏ అరుగు, ఎప్పుడు అని నేను అడగలేదు. నాకు తెలుసు. ముప్పై ఏళ్లకు పైగా అది ఆమె వినలేదని నాకు నేను చెప్పుకుంటూ వచ్చాను. నేను చదువు ముగించి మహబూబాబాద్‌లో తెలుగు టీచరునయ్యాను. ట్రైనింగులో నా మాటకు కూడా నవ్వారు. నేను ఆరు నెలల్లో మార్చుకున్నాను. మార్చుకున్న దాన్ని కనుక ఇతరులనూ మార్చగలననుకున్నాను. నా తరగతిలో వచ్చినం, పోయినం అనకూడదు. వచ్చాము, వెళ్లాము అనాలి. అంటే సరే, లేకపోతే బెత్తం. ఒకరోజు లంబాడీ తండా నుంచి వచ్చే ఒక పిల్ల వారం రోజుల తర్వాత బడికి వచ్చింది. ఎందుకు రాలేదని అడిగాను.

"మిరపకాయ ఏరవోయిన టీచర్" అన్నది.

"ఏరడానికి వెళ్లాను, అను."

ఆ పిల్లకు ఇంట్లో వేరే మాట. తెలుగే బడికి వచ్చాక నేర్చుకున్నది. "ఏరనికి ఎల్లను" అన్నది. తరగతి నవ్వింది. మళ్లీ అనమన్నాను, మళ్లీ అట్లాగే అన్నది. చేతి వేళ్ల మీద బెత్తంతో కొట్టాను. మిరపకాయలు ఏరిన వేళ్లు, అప్పటికే మండుతుండి ఉంటాయి. ఆ పైన నేనన్న మాట ఇది. "ఏమిటే ఆ మాట, ఎల్లక్కలాగా? మనిషిలా మాట్లాడు." పిల్లలు ఇంకా నవ్వారు. గంట కొట్టాక బయటికి వస్తే, అరుగు మీద పచ్చడి జాడీ ఒళ్లో పెట్టుకుని మా అత్త కూర్చుని ఉంది. నన్ను చూడటానికి భూపాలపల్లి నుంచి బస్సులు మారి వచ్చింది. "మంచిగ జెప్తున్నవ్ బిడ్డా, సక్కగ జెప్తున్నవ్" అని జాడీ చేతిలో పెట్టింది. చాయ్ తాగి పోదువు రమ్మన్నా ఆగలేదు.

ఇదంతా కళ్ల ముందు తిరిగి, ఆమె మంచం పక్కన కింద కూర్చుని, "తప్పయింది అత్తా" అన్నాను. అరవై దాటిన దాన్ని, చిన్నపిల్లలా ఏడ్చాను.

ఆమె నన్ను ఏడవనిచ్చింది. తల నిమరలేదు. "నాకెందుకు జెప్తున్నవ్? నన్ను అన్నోళ్లు శానమంది, అండ్ల నువ్వొకదానివి. నేను పెద్దదాన్ని, ఓర్సుకున్న. ఆ పిల్ల చిన్నది. ఆ పిల్ల తెల్లారి బడికొచ్చిందా?"

రాలేదు. ఆ తర్వాత ఎన్నడూ రాలేదు. అప్పట్లో తండా పిల్లలు మధ్యలో మానేయడం మామూలే అనుకున్నాను.

"ఆ పిల్ల పేరేంది?" అన్నది అత్త.

ఎంత వెతికినా నాకు పేరు గుర్తుకు రాలేదు. రెండు జడలు, వాటికి కట్టిన ఎర్ర రిబ్బన్లు, చేతి వేళ్లు, అన్నీ గుర్తున్నాయి. పేరు లేదు. అత్త గోడ వైపు తిరిగి పడుకున్నది. ఆ వానాకాలంలోనే దవాఖానలో నాలుగు రోజులుండి పోయింది. ఆ నాలుగు రోజులూ నర్సులతో, డాక్టర్లతో పుస్తకం మాటలే మాట్లాడింది. నాతో తన మాట మాట్లాడింది గానీ, ఆ సంగతి మళ్లీ ఎత్తలేదు.

దినాలు అయిపోయిన తర్వాత నేను మహబూబాబాద్ పోయాను. బడి పాత భవనం తీసేసి కొత్తది కట్టారు. పాత రిజిస్టర్లు ఎక్కడున్నాయో అక్కడి వాళ్లకు తెలియదు. ఆటో మాట్లాడుకుని తండాకు పోయాను. వాకిట్లో మిరపకాయలు ఆరబోసుకుంటున్న ముసలాయన, ఆయన భార్య నన్ను కూర్చోబెట్టి చాయ్ ఇచ్చారు. ఫలానా కాలంలో ఇక్కడి నుంచి బడికి వచ్చి, మధ్యలో మానేసిన ఆడపిల్ల ఒకామె కోసం వచ్చానన్నాను.

"శానమంది మానేసిండ్రు మేడం. ఎవలి బిడ్డ? పేరేంది?" అని అడిగాడు ముసలాయన.

తెలియదన్నాను. ఆయన భార్య వైపు తిరిగి వాళ్ల ఇంటి మాటలో ఏదో అడిగాడు. ఆమె ఏదో జవాబు చెప్పింది. ఇద్దరూ నెమ్మదిగా, చాలాసేపు మాట్లాడుకున్నారు. నా గురించో, ఆ పిల్ల గురించో, లేక వానల గురించో. ఆ తండా పిల్లలకు ముప్పై ఏళ్లు తెలుగు చెప్పిన నాకు అందులో ఒక్క మాట కూడా అర్థం కాలేదు.